ఆడకూలి, మగకూలి: తేడా ఎక్కడ మొదలవుతుంది?

మిర్చి ఏరే సీజన్ మొదలైందంటే చాలు, ఈ శీర్షికకు వచ్చే ఉత్తరాల్లో సగం కూలి రేట్ల మీదే ఉంటాయి. ఈసారి వాటినే తీసుకున్నాను. పేరు వేయొద్దని రాసినవాళ్లే ఎక్కువ కాబట్టి అందరివీ ఊళ్ల పేర్లతోనే ఇస్తున్నాను.

ప్రశ్న: మేడం, మేం పదిహేను మందిమి గుంపుగా మిర్పకాయ ఏరడానికి కైకిలి పోతం. పొద్దున ఎనిమిదింటికి చేన్ల దిగితే సాయంత్రం ఐదింటి దాకా వంగే ఉంటం. మాకు 350 ఇస్తున్నరు. అదే చేన్ల మందు కొట్టే మగవాళ్లకు, బస్తాలెత్తే వాళ్లకు 700. ఎందుకిట్ల అంటే వాళ్లది బరువు పని అంటడు పటేలు. ఆడ మగ సమానం అని సర్కారే అన్నది కదా, ఇది చట్టం కిందికి రాదా?
– ఒక పాఠకురాలు, పరకాల దగ్గర

జవాబు: చట్టం ఉందక్కా, అదీ నిన్నమొన్నటిది కాదు. ఆడవాళ్లకూ మగవాళ్లకూ సమాన వేతనం ఇవ్వాలని 1976లోనే చట్టం చేశారు. ఇప్పుడు దాని స్థానంలో 2019 నాటి వేతనాల కోడ్ అనే కొత్త చట్టం ఉంది, 2025 నవంబర్ 21 నుంచి అది అమల్లోకి వచ్చింది. ఒకే యజమాని దగ్గర ఒకే పని, లేదా అదే తరహా పని చేసేవాళ్లకు ఆడ అని ఒక రేటు, మగ అని ఇంకో రేటు పెట్టకూడదు. రెండు పనులు ఒకే తరహావా కాదా అన్నది ఆ పనికి కావాల్సిన నైపుణ్యం, శ్రమ, అనుభవం, బాధ్యత చూసి తేల్చాలి. ఇంకో సంగతి, సమానం చేస్తున్నామన్న వంకతో మగవాళ్ల కూలి తగ్గించడానికి వీల్లేదు. ఈ ముక్క మీ ఇళ్లలో మగవాళ్లకు కూడా చెప్పండి, ఎందుకంటే సమానం అనగానే ముందు గాబరా పడేది వాళ్లే.

ఇంతవరకు బాగానే ఉంది. కానీ మీ పటేలు "ఏరుడు వేరు, మందు కొట్టుడు వేరు" అంటాడు, చట్టం సరిగ్గా అక్కడే జారిపోతుంది. మిరప చేన్లో మగవాళ్లు కాయ ఏరరు కదా, ఇక మీ కూలిని ఎవరి కూలితో పోల్చాలి? నాట్లు, కలుపు, ఏరుడు ఆడవాళ్లకు, మందు, ట్రాక్టరు, బస్తా, కాంటా మగవాళ్లకు అని ముందు పనులు పంచుకున్నారు, రేట్లు ఆ తర్వాత కట్టారు. దొంగతనం జరిగింది పంచుకునే దగ్గర, మనం వెతుకుతున్నది డబ్బులు ఇచ్చే దగ్గర.

బరువు పని అన్న మాటను కూడా కొంచెం తిప్పి చూద్దాం. ఒకప్పుడు చేత్తో కొట్టుకునే పంపు వీపుకు తగిలించుకుని మందు కొట్టేవాళ్లు, నిజంగానే భుజాలు పడిపోయేవి. తర్వాత బ్యాటరీ పంపులు, పెట్రోలు పంపులు వచ్చాయి, కొన్ని ఊళ్లలో డ్రోన్లు కూడా ఎగురుతున్నాయి. బరువు తగ్గింది కదా అని ఎవరైనా మందు కొట్టే కూలి తగ్గించారా? ఇంకోటి చూడండి. కరీంనగర్, జగిత్యాల వైపు కొన్నేళ్లుగా బీహార్ నుంచి, బెంగాల్ నుంచి మగవాళ్ల గుంపులు వచ్చి ఎకరానికి ఇంత అని గుత్తకు నాట్లేసి పోతున్నారు. నాట్లంటే తరతరాలుగా మన ఆడవాళ్ల పని, ఆడవాళ్ల రేటు. మరి ఆ తమ్ముళ్లను పట్టుకుని "ఇది ఆడవాళ్ల పని, కాబట్టి సగం కూలే ఇస్తాం" అని ఏ రైతైనా అన్నాడా? అనడు, ఎందుకంటే వాళ్లు పక్క మండలానికి పోతారు. ఉపాధి హామీ సంగతి చెప్పనే అక్కర్లేదు, 2025-26కి తెలంగాణలో రోజు కూలి 307 రూపాయలు, తవ్వింది ఆడా మగా అని చూడకుండా గుంత కొలత చూసి లెక్క కడతారు. ఎండాకాలంలో అదే గడ్డపార పట్టుకుని మట్టి తవ్వి తట్ట మోసిన మనిషి, మిరప చేన్లోకి వచ్చేసరికి బరువు మోయలేని మనిషి ఎలా అయిపోయింది?

ఇక నైపుణ్యం. తొడిమ ఊడకుండా తెంపాలి, చెట్టు కొమ్మ విరగకూడదు, పచ్చి కాయ వదిలి పండింది తీయాలి, తాలు కాయ (రంగు పోయి తెల్లబడ్డది) వేరే వేయాలి. ఏనుమాముల మార్కెట్లో తాలు ఎక్కువ కలిసిందని బస్తా రేటు కోసినప్పుడు రైతు ఎవరిని తిడతాడు? ఏరినవాళ్లనే. రేటు పడిపోతే మీ బాధ్యత, రేటు పలికితే పంట మహిమ. సాయంత్రం ఇంటికెళ్లాక నాలుగుసార్లు సబ్బు పెట్టి కడుక్కున్నా వేళ్ల మంట పోక, చంటిపిల్లను ఎత్తుకోవడానికి భయపడే తల్లులు మీ గుంపులోనే ఉండి ఉంటారు. శ్రమ లెక్కలో ఆ మంట ఎక్కడా కనపడదు.

ఇప్పుడు ఏం చేయాలో చెప్తాను, అధికారికి దరఖాస్తు పెట్టే దారి ఉంది కానీ (కోడ్ ప్రకారం మూడేళ్ల లోపు పెట్టుకోవచ్చు), ఊళ్లో మళ్లీ అదే చేనుకు పోవాల్సిన మనిషికి అది మొదటి మెట్టు కాదని నాకూ తెలుసు. రేటు మాట్లాడేది చేన్లో దిగిన పొద్దున కాదు, సీజన్‌కు పదిహేను రోజుల ముందు. అప్పుడు అవసరం రైతుకు ఎక్కువ. రోజు కూలిని గంటల్లోకి మార్చి మాట్లాడండి. మందు కొట్టేవాళ్లు ఎండ ముదరకముందే పని ముగించి పోతారు, మీరు తొమ్మిది గంటలు ఉంటారు, గంట లెక్క తీస్తే తేడా రెండింతల కన్నా ఎక్కువే తేలుతుంది. కిలో లెక్కన ఒప్పుకుంటే రకం చూసుకోండి, తేజ కాయ సన్నం, కిలో నిండాలంటే ఎంతసేపు పడుతుందో మీకు తెలుసు. 2025లో భౌగోళిక గుర్తింపు వచ్చిన మన లావు రకం చపాటాకూ దానికీ ఒకే కిలో రేటు అంటే ఒప్పుకోవద్దు. మొదటి కోతలకు కిలో లెక్క, కాయ పలచబడ్డాక చివరి కోతలకు రోజు కూలి, ఇలా ముందే తెంచుకున్న గుంపులు నష్టపోవు.

పక్క ఊరికి పోగలిగిన గుంపుకు కూలి పెరుగుతుంది, పోలేని గుంపుకు పెరగదు. నాలుగింటికి బడి వదిలే పిల్లలు, ఐదింటికి వచ్చే నల్లా నీళ్లు, ఇవన్నీ మీకు ఎంత తెలుసో పటేలుకూ అంతే తెలుసు, మీరు దూరం పోలేరన్న ధీమా మీదే 350 నిలబడి ఉంది. 2023 డిసెంబర్ 9 నుంచి ఆర్టీసీ బస్సు ఆడవాళ్లకు ఉచితమైంది కాబట్టి హనుమకొండ అడ్డా దాకా పోయి వచ్చేవాళ్లు ఉన్నారు, కాకపోతే చేన్లోకి బస్సు రాదు, పొద్దున ఆరింటికి ట్రాలీ ఆటోనే దిక్కు. ఆ ఆటో కిరాయి ఎవరు పెట్టుకోవాలన్నది కూడా రేటుతో పాటే తెంచుకోండి.

ప్రశ్న: ఆడవాళ్ల కూలి పెంచమని రాస్తూనే ఉంటారు. నేను ఐదెకరాల పత్తి రైతును. ఏరడానికి కిలోకు 12 రూపాయలు, ఆటో కిరాయి అదనం. వానకు పత్తి తడిస్తే రేటు లేదు. నాకే మిగలనప్పుడు నేను ఎక్కడి నుంచి తెచ్చి ఇవ్వాలి? రైతు గోడు మీకు పట్టదా?
– ఒక రైతు, జమ్మికుంట

జవాబు: పడుతుంది అన్నా, మీ లెక్కతోనే మాట్లాడదాం. 2025-26కి పొడుగు పింజ పత్తి మద్దతు ధర క్వింటాకు 8,110. మీరు చెప్పిన కిలోకు 12 చొప్పున క్వింటా ఏరడానికి 1,200, అంటే దాదాపు 15 శాతం, కిరాయి కలిపితే ఇంకాస్త ఎక్కువ. చిన్న మొత్తం కాదు, తేమ ఉందని ధర కోస్తే ఇంకా బరువవుతుంది. మీ బాధ నిజం.

కానీ విత్తనాల ప్యాకెట్ రేటు మీద మీరు బేరం ఆడరు, డీఏపీ బస్తా మీద ఆడరు, డీజిల్ మీద ఆడరు, అడిగినంత ఇచ్చి వస్తారు. సాగు ఖర్చులో మీరు గట్టిగా కాదనగలిగేది ఒక్క ఆడకూలి దగ్గరే. పైనుంచి వచ్చిన నొక్కుడంతా ఎక్కడ ఎదురు చెప్పేవాళ్లు లేరో అక్కడికి దిగుతోంది. మద్దతు ధర కోసం మీరు రోడ్డెక్కితే ఆ ఏరేవాళ్లు కూడా మీ వెంట రావాలని నేను కోరుకుంటాను, మీరు ఇచ్చే కూలి చూస్తే వాళ్లకు రావాలనిపించాలి మరి.

ఇంకో మాట, కోపం తెచ్చుకోకండి. మీ ఉత్తరంలో ఇంటావిడ ఊసే లేదు. విత్తనం పెట్టింది, కలుపు తీసింది, కూలీలకు ముందు నడిచి ఏరింది ఆవిడ కూడా అయి ఉంటుంది. మద్దతు ధర కట్టేటప్పుడు ఇంటి మనుషుల శ్రమకు కూడా విలువ కట్టి ఖర్చులో కలుపుతారు, అంటే ప్రభుత్వ కాగితం మీదనైనా ఆవిడ కూలికి ఒక అంకె ఉంది. ఇంట్లో ఉందా? పట్టా ఆవిడ పేరున లేకపోతే 2018లో మొదలైన రైతు బీమా ఐదు లక్షలు కూడా ఆవిడకు వర్తించవు, ముప్పై ఏళ్లు చేన్లో చేసినా సరే. ఐదెకరాల్లో ఒక ఎకరం ఆవిడ పేరు మీద రాయడానికి పత్తి ధర పెరిగే దాకా ఆగక్కర్లేదు.

ప్రశ్న: మా పనిమనిషి జీతం పెంచమంటోంది. పండగకు చీర పెడుతున్నాం, మిగిలిన కూర ఇస్తున్నాం, పిల్లల పుస్తకాలకు కూడా ఇచ్చాం. ఇంకా ఎంత ఇవ్వాలి?
– ఒక పాఠకురాలు, హనుమకొండ

జవాబు: చీర, కూర లెక్కలోంచి తీసేసి అడగండి. మీ ఆఫీసులో దీపావళి స్వీట్ బాక్స్ ఇచ్చారని ఇంక్రిమెంట్ ఆపితే మీరు ఊరుకుంటారా? ఎన్ని ఇళ్లు, ఎన్ని గంటలు, ఎన్ని పనులు అని కూర్చుని మాట్లాడుకోండి, నెలకు నాలుగు సెలవులకు జీతం కోయకండి, ఏడాదికోసారి తనే అడిగే దాకా చూడకుండా పెంచండి. ఇంటి పనివాళ్ల కోసం 2011లో అంతర్జాతీయ కార్మిక సంస్థ 189వ ఒప్పందం చేసింది, మన దేశం ఇంతవరకు దాన్ని ఆమోదించలేదు. 2013 నాటి లైంగిక వేధింపుల చట్టం మాత్రం ఇంటి పనివాళ్లకు కూడా వర్తిస్తుంది, జిల్లాలో స్థానిక కమిటీకి ఫిర్యాదు ఇవ్వొచ్చు. ఇది మీకు కాదు, మీరు ఈ పేజీ తనకు చదివి వినిపిస్తారని రాస్తున్నాను.

ప్రశ్న: నేను ఇరవై రెండేళ్లుగా బీడీలు చేస్తున్నాను. మొదట్లో అత్తమ్మ పేరు మీద చేశాను, పదేళ్ల తర్వాత నా పేరున కార్డు అయింది. వెయ్యి బీడీలకు ఇంత అని ఇస్తారు. కంపెనీలో నీకు కొలువు లేదు, ఇంట్ల కూర్చుని చేసుకునేదానికి పీఎఫ్ ఏంది అని ఒకాయన అన్నాడు. నిజమేనా?
– ఒక బీడీ కార్మికురాలు, కోరుట్ల

జవాబు: అబద్ధం. ఆ ఒకాయన ఎవరో గానీ నలభై ఏళ్లు వెనకబడి ఉన్నాడు. ఆకు, తంబాకు ఇచ్చి ఇంటి దగ్గర చేయించుకునే మనిషి కూడా ఉద్యోగే అని 1966 నాటి బీడీ కార్మికుల చట్టం రాసింది. ఇంట్లో చేసేవాళ్లకు పీఎఫ్ వర్తిస్తుందని సుప్రీంకోర్టు 1985లోనే తేల్చింది. అక్కడ కంపెనీ వాదన కూడా ఇదే, వాళ్లు మా కార్ఖానాలో కూర్చోవడం లేదు కదా అని. కోర్టు ఏమందంటే, తెచ్చిన బీడీలను చూసి బాగున్నవి తీసుకుని బాగాలేనివి తీసేసే హక్కు మీ చేతిలో ఉంది, అంటే అజమాయిషీ మీదే, కాబట్టి వాళ్లు మీ మనుషులే. 1966 చట్టం ఇప్పుడు కొత్త కోడ్‌లలో కలిసిపోయింది, పీఎఫ్ హక్కు మాత్రం పోలేదు.

మీ పెద్ద నష్టం ఆ పదేళ్లు. అత్తమ్మ పేరున చేసిన పని అత్తమ్మ ఖాతాలో పడింది, పడి ఉంటే. నిజామాబాద్, జగిత్యాల, సిరిసిల్ల ఎక్కడ అడిగినా ఈ కథ ఉంటుంది: ఒక కార్డు, దాని వెనక ఇద్దరు ముగ్గురు ఆడవాళ్లు. ఆకు నానబెట్టి గోనెసంచిలో చుట్టి ఉంచేది ఒకరు, రేకు పెట్టి కత్తెరతో ఆకు కత్తిరించేది ఒకరు, చుట్టి మూతి ఒత్తి దారం కట్టేది ఒకరు. బడి నుంచి వచ్చిన పిల్ల కట్టలు పేరుస్తుంది. వెయ్యి బీడీల రేటు ఇంత మంది చేతులకు కలిపి ఒకటే. రోజుకు ఒక మనిషి వెయ్యి చేస్తుందని లెక్క కట్టినవాళ్లు, ఆ వెయ్యి వెనక ఎందరున్నారో చూడలేదు, చూస్తే రేటు పెంచాల్సి వస్తుంది.

ఇప్పుడు చేయాల్సింది: మీ పీఎఫ్ ఖాతాలో పేరు, పుట్టిన తేదీ ఆధార్‌తో ఒకటిగా ఉన్నాయేమో ఈ నెలలోనే చూపించుకోండి, డబ్బు తీసుకునే రోజు దాకా ఆగితే అప్పుడు తిరగలేరు. ఆకు తక్కువ తూకి ఇచ్చి, బీడీలు మాత్రం పూర్తిగా కావాలనే చోట, తగ్గిన ఆకు మీరే కొనుక్కుంటుంటే ఆ ఖర్చు రోజూ నోటుబుక్కులో రాయండి. కార్డు లేని కోడళ్లు, కూతుళ్లు మీ ఇంట్లో ఉంటే వాళ్ల పేరున కార్డు అడగండి. రాష్ట్ర ప్రభుత్వం ఇచ్చే బీడీ కార్మికుల పింఛను వేరు, పీఎఫ్ వేరు, రెండూ కలిపి గందరగోళం పడొద్దు.

ప్రశ్న: మేడం, నేను కాకతీయ యూనివర్సిటీలో ఎంఏ ఎకనామిక్స్. దేశం అభివృద్ధి అయ్యే కొద్దీ పనిచేసే ఆడవాళ్ల సంఖ్య మొదట తగ్గి తర్వాత పెరుగుతుందని చదివాను. మన దేశంలో ఈ మధ్య బాగా పెరిగిందంటున్నారు. అంటే మనం ఆ మలుపు దాటేశామా?
– ఒక విద్యార్థి, హనుమకొండ

జవాబు: తొందరపడకు తమ్ముడూ. నువ్వు చెప్పే, కిందికి దిగి మళ్లీ పైకి లేచే ఆ వంపు గీత మీద ఎక్కువ పని చేసిన ఆర్థికవేత్త క్లాడియా గోల్డిన్‌కు 2023లో నోబెల్ వచ్చింది, కాకపోతే ఆమె తవ్వి తీసింది ప్రధానంగా అమెరికా రెండు వందల ఏళ్ల లెక్కలు. పొలం పనిలో ఉన్న ఆడవాళ్లు ఫ్యాక్టరీలు వచ్చాక ఇంటికి పరిమితమయ్యారు, చదువులు, ఆఫీసు ఉద్యోగాలు వచ్చాక మళ్లీ బయటికి వచ్చారు, స్థూలంగా అది కథ.

మన దగ్గర 15 ఏళ్లు దాటిన ఆడవాళ్లలో పనిలో ఉన్నవాళ్లూ పని వెతుక్కునేవాళ్లూ కలిపి 2017-18లో 23.3 శాతం, 2023-24కి 41.7 శాతం. పేపర్లో హెడ్‌లైన్ ఇక్కడితో ఆగుతుంది, నువ్వు తర్వాతి పట్టిక తియ్యి. 2023-24లో పనిచేసే ఆడవాళ్లలో మూడింట రెండు వంతులు స్వయం ఉపాధి కింద ఉన్నారు, మొత్తంలో మూడో వంతుకు పైగా సొంత ఇంటి పొలంలోనో దుకాణంలోనో చేతికి పైసా రాకుండా చేసేవాళ్లే. జమ్మికుంట రైతు గారి ఇంటావిడ ఈ లెక్కలోకి వస్తుంది. వరంగల్ కొత్తవాడలో దరీలు (నేల మీద పరిచే నేత గుడ్డలు) నేసే మగ్గం పక్కన కూర్చుని కండెలు చుట్టే ఆడవాళ్లు వస్తారు. ఆ దరీలకు 2018లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, నేత కూలి మాత్రం మగ్గం మీద కూర్చున్నాయన పేరున వస్తుంది.

ఆమె పనిచేయడం కొత్త కాదు, సర్వే చేసేవాళ్లు ఇప్పుడు కొంచెం బాగా అడుగుతున్నారేమో అన్న అనుమానం కూడా ఉంచుకో. జీతం ఇచ్చే ఉద్యోగాలు పెరగకుండా ఈ శాతం పెరిగితే దాన్ని మలుపు అనడానికి నాకు మనసొప్పదు. బంగ్లాదేశ్ చూడు, బట్టల ఫ్యాక్టరీలు లక్షల మంది ఆడవాళ్లను నెల జీతంలోకి తెచ్చాయి, ఆ జీతం తక్కువే, 2023 డిసెంబర్ నుంచి కనీసం 12,500 టాకాలు, అయినా ఎవరి జీతం వాళ్ల చేతికి వస్తుంది, చాలకపోతే రోడ్డెక్కడానికి పక్కన వెయ్యి మంది ఉంటారు. గీసుగొండ, సంగెం దగ్గర టెక్స్‌టైల్ పార్కు అని 2017లో శంకుస్థాపన చేసినప్పటి నుంచి మనమూ చూస్తున్నాం. అక్కడ ఎందరు ఆడవాళ్లు, ఏ పనిలో, ఎంత జీతానికి అన్నది నీ ప్రాజెక్టుకు పనికొచ్చే అంశం. లైబ్రరీలో కూర్చుని రాయకు, షిఫ్ట్ వదిలే టైముకు గేటు దగ్గర నిలబడు.

పరీక్షలో రాయడానికి ఇంకోటి: 2024 సమయ వినియోగ సర్వేలో ఇంటి పనులు చేసేవాళ్లను తీసుకుంటే ఆడవాళ్లు రోజుకు 289 నిమిషాలు, మగవాళ్లు 88 నిమిషాలు వాటికి పెడుతున్నారు. పరకాల అక్క నాలుగింటి బడి గురించి నేను రాసింది ఈ 289 నిమిషాల సంగతే.

ప్రశ్న: నేను పెద్దపల్లి దగ్గర బడిలో టీచర్‌ని. ఒడిశా నుంచి వచ్చి ఇటుక బట్టీల్లో చేసేవాళ్ల పిల్లలు మా దగ్గరికి వస్తారు. వాళ్ల తల్లులను అడిగితే "నా కూలి ఎంతో నాకు తెలియదు" అంటున్నారు. జంటకు కలిపి అడ్వాన్సు భర్తకు ఇస్తారట. ఇది మామూలేనా?
– ఒక ఉపాధ్యాయురాలు

జవాబు: అక్కడ మామూలైపోయింది, సరైనది కాదు. బట్టీలో లెక్క వెయ్యి ఇటుకలకు ఇంత అని. మట్టి తొక్కి ఇచ్చేది ఒకరు, అచ్చులో పోసేది ఒకరు, పచ్చి ఇటుకలు తిరగేసి ఎండబెట్టేది ఒకరు, ఆ ఒకరు కొన్నిసార్లు మీ తరగతిలో ఉండాల్సిన పిల్లే. కుటుంబం మొత్తాన్ని ఒక యూనిట్‌గా తీసుకుని వాళ్ల ఊళ్లోనే సర్దారు (కూలీలను కుదిర్చే మనిషి) చేత అడ్వాన్సు ఇప్పించి తెస్తారు. ఆ అప్పు తీరే దాకా కదలనివ్వకపోతే అది కూలి తగాదాగా మిగలదు, 1976 నాటి వెట్టిచాకిరి నిర్మూలన చట్టం కిందికి పోతుంది, అప్పుడు వెళ్లాల్సింది కలెక్టర్ దగ్గరికి.

ఎవరు చేసిన పనికి వాళ్లకే కూలి ఇవ్వాలి. ఉపాధి హామీలో చూడండి, జాబ్ కార్డు ఇంటికి ఒకటే, డబ్బు మాత్రం పనిచేసిన మనిషి ఖాతాలో పడుతుంది. బట్టీలో అలా జరగడానికి అడ్డేమీ లేదు, అడిగేవాళ్లు లేరంతే. మీరు చేయగలిగింది ఒకటుంది. ఆ తల్లుల పేర్లు, వచ్చిన తేదీ, వాళ్లు చెప్పిన అడ్వాన్సు ఎంత, వారం ఖర్చుకు ఎంత ఇస్తున్నారు, ఇవి ఒడియా తెలిసినవాళ్ల సాయంతో ఒక పుస్తకంలో రాయించి పెట్టండి. సీజన్ అయిపోయి లెక్క చూసే రోజు బట్టీ యజమాని దగ్గర తప్ప ఇంకెవరి దగ్గరా కాగితం ఉండదు. భర్తల ముందు కాకుండా, పిల్లల్ని దింపడానికి వచ్చినప్పుడు అడగండి.